గృహిణుల కొకమాట: సగము జీతపు దినములు



మా యెఱుకలో నున్న యొక యింటి యజమానుని గడచిన సంవత్సరము సస్పెండు చేసిరి. ఆ యిల్లాలు నాటినుండి పేరంటములకు వచ్చుట మానినది. పాలవానికి బాకీపడినను ఎవరికిని చెప్పుకొనలేదు. నాలుగు నెలల పిదప మేమే పోయి పలుకరింపగా, "తప్పు మోపబడినవారికి సర్కారు డబ్బిచ్చునా, వదినగారూ? అడుగుటకు మొగమెక్కడిది?" అని కంట తడిపెట్టినది. ఆమె తలంపు పొరపాటు. అట్టి పొరపాటు మఱియొక యింట జరుగకుండుటకై యీ నెల యిది వ్రాయుచున్నాము.

సస్పెన్షను శిక్ష కాదు. విచారణ ముగియువఱకు ఉద్యోగిని పనికి దూరముగా నుంచుట మాత్రమే. ఉద్యోగము పోలేదు గనుక వేఱొకచోట పనిచేసి సంపాదించుటకు వీలులేదు. కావుననే ఫండమెంటల్ రూల్సులోని 53వ నియమము జీవనభృతి నేర్పఱచినది. అది అర్ధవేతనపు సెలవులో వచ్చు జీతముతో సమానము. దానిపై కరువుభత్యము కూడ నుండును. మూలవేతనము 40,000 రూపాయలైనచో భృతి 20,000. కేంద్రప్రభుత్వ కార్యాలయములలో మొదటి 3 నెలలు గడచిన పిమ్మట, జాగు ఉద్యోగి వలన కలుగనిచో ఆ భృతిని అందులో సగము మేరకు పెంచి 30,000 వఱకు నియ్యవచ్చును; జాగు అతని వలననే యైనచో 10,000 వఱకు తగ్గింపవచ్చును. రాష్ట్రోద్యోగులు తమ రాష్ట్రపు నియమములలోని గడువును చూచుకొనవలయును.

అయితే ఒక్క కాగితము ముఖ్యము. తాను వేఱొక ఉద్యోగము గాని వ్యాపారము గాని చేయుట లేదని ఉద్యోగి ధ్రువపత్రము నియ్యవలయును. పైన చెప్పిన యజమానుడు మనోవ్యథచే దాని నియ్యలేదు, భృతి నిలిచిపోయెను. ఆ యిల్లాలు ప్రక్కన కూర్చుండి వ్రాయింపగా నాలుగు నెలల పైకమును ఒక్కసారి చేతికందెను. తపాలా జీవితబీమా చందాను సయితము ఉద్యోగి వ్రాతమూలకముగా నంగీకరించిననే భృతిలోనుండి పట్టుకొందురు. ఆ సంగతి మఱచినచో చందా నిలిచిపోవును.

భృతి భిక్ష కాదు. రేవాలో నివసించు నొక అటవీశాఖోద్యోగిని 500 కిలోమీటర్ల దూరముననున్న జగదల్పూరునకు విచారణకై రమ్మనిరి. భృతి మాత్రము సకాలమున నియ్యలేదు. దారికర్చులు లేక అతడు పోజాలకపోయెను. తన మాట చెప్పుకొనుటకు అతనికి తగిన యవకాశము కలుగలేదని సుప్రీముకోర్టు 1973లో తీర్పుచెప్పినది. శిక్షపడి అప్పీలు చేసికొన్న ఉద్యోగికి నెలకు 1 రూపాయి మాత్రమే భృతిగా నిచ్చు మహారాష్ట్ర నియమమును 1983లో కొట్టివేసినది.

తిరిగి ఉద్యోగమున చేర్చుకొన్నంతనే మిగిలిన జీతమంతయు తనంతట వచ్చునని తలపరాదు. ఆ యుత్తరువులో రెండు మాటలు వెదకవలయును: సస్పెన్షను కాలమునకు ఎంత జీతము? ఆ కాలము పనిచేసినట్లు లెక్కింపబడునా? సస్పెన్షను సర్వవిధముల అన్యాయమని తేలినచో పూర్తి జీతభత్యములు చెల్లును, ఆ కాలమంతయు పనిచేసినట్లే యగును. కేంద్రోద్యోగుల విషయమున, పెద్దశిక్షకై నడపిన విచారణ చిన్నశిక్షతో ముగిసినను అటులనే చూడవలయునని 1985లో ఉత్తరువైనది. ఇతర సందర్భములలో జీతమును తగ్గింపదలచినచో ముందుగా నోటీసిచ్చి ఉద్యోగి సమాధానమును వినవలయును. ఇచ్చునది జీవనభృతికి తగ్గరాదు. ఆ నోటీసునకు గడువులోగా బదులు వ్రాయుట మఱువరాదు; ఇంక్రిమెంటులును పింఛనును దానిపై నాధారపడియుండును.

చెప్పుటకు మనసొప్పని మాట యొకటి కలదు. విచారణ ముగియకమునుపే ఉద్యోగి కాలధర్మము నొందినచో, 54-బి నియమము ననుసరించి సస్పెన్షను కాలమంతయు పనిచేసినట్లే యెంచి, ఇచ్చిన భృతిపోగా మిగిలిన పూర్తి జీతభత్యములను కుటుంబమునకు చెల్లింపవలయును. ఇది యెఱుగక ఊరకుండుట బిడ్డలకు నష్టము.

సస్పెన్షను ఉత్తరువు, ధ్రువపత్రముల నకళ్లు, భృతి రసీదులు, నోటీసులు ఇవన్నియు తేదీల వరుసను ఒక సంచిలో నుంచుకొనుడు. దిగులుపడిన భర్తకు ఇల్లాలు చేయగల సాయమిది.

మా పొరుగింటివారి విచారణ యింకను ముగియలేదు. ఐనను ఆ యిల్లాలు మొన్నటి పేరంటమునకు వచ్చినది.