పెళ్ళిరోజుకి యూనిఫాం ఎందుకండీ?

ఈమధ్య ఏ ఫంక్షన్‌కి పిలిచినా టైము కంటే ముందు రంగు చెప్తున్నారు. ఆడవాళ్ళు వైన్ కలర్ చీర, మగవాళ్ళు నేవీ బ్లూ కుర్తా. ఫొటోలు బాగా వస్తాయట. నాకైతే స్కూల్లో శనివారం వేసుకునే తెల్ల యూనిఫాం గుర్తొస్తుంది :)

ఈ థీమ్ గోల నాకు అస్సలు నచ్చదు. మన ఇళ్ళల్లో "ఏం కట్టుకోవాలి" అన్నదానికి జవాబు బీరువాలోంచే వచ్చేది. అమ్మ దాచుకున్న గద్వాల చీర, నాన్న జరీ అంచు పంచె, కలరా ఉండల వాసనతో సహా. రంగు ఇదీ అని చెప్పగానే ఆ బీరువా మొత్తం దండగైపోతుంది. ఉన్నవాళ్ళూ లేనివాళ్ళూ అందరూ కొనాల్సిందే.

మా పెదనాన్న వాళ్ళ పాతికేళ్ళ పెళ్ళిరోజు కోసం నేనూ వెతికాను. మధురానగర్‌లో మెట్రో ఎక్కితే తర్వాతి స్టేషనే అమీర్‌పేట. అక్కడ్నుంచి పంజాగుట్ట దాకా బట్టల షాపులకేం తక్కువ లేదు. ఒకచోట "ఇకత్ మేడమ్, మీరడిగిన కలరే" అని చీర పరిచారు. తిరగేసి చూస్తే వెనకవైపు డిజైన్ వెలిసిపోయినట్టుంది. అంటే ప్రింటు అన్నమాట. అసలు ఇకత్‌లో నేతకి ముందే నూలుకి డిజైన్ ప్రకారం ముడులు కట్టి రంగులో ముంచుతారు (పోచంపల్లి వైపు చిటికి అంటారు). కట్టిన చోట రంగు ఎక్కదు. ఇంకో రంగు కావాలంటే మళ్ళీ కట్టాలి, మళ్ళీ ముంచాలి. రంగు నూలులోనే ఉంటుంది కాబట్టి బట్ట రెండువైపులా ఒకేలా కనిపిస్తుంది. పూల అంచులు కాస్త చెదిరినట్టుంటాయి, నాకు అదే ఇష్టం. పోచంపల్లి ఇకత్‌కి 2005లోనే భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఊరు మనకి 50 కిలోమీటర్ల లోపే. అయినా ముందు పరిచేది నకలే! షాపువాళ్ళని అని లాభం లేదు లెండి. ఇరవైమందికి మూడు వారాల్లో అచ్చంగా ఒకే రంగు కావాలంటే మగ్గం ఇవ్వలేదు, ప్రింటింగ్ మిషనే ఇవ్వాలి.

ఇక డబ్బు సంగతి. సాఫ్ట్‌వేర్ జీతాలవాళ్ళకి మూడు వేలు ఒక వీకెండ్ ఖర్చు. ఊళ్ళో కుట్టుమిషను మీద ఇల్లు నడిపే మా పిన్నికి కాదు. ఫోన్ చేస్తే "నడుం నొప్పిగా ఉందే, రానేమోలే" అంది. కాసేపాగి, "వైన్ కలరంటే ఏ రంగే, మెరూనా?" అని అడిగింది. ఏం చెప్పాలో తోచలేదు.

మా అక్కతో అంటే, "ఒక్కరోజే కదే, అమ్మావాళ్ళ సరదా" అంది. ఆ అమ్మనే, అంటే మా పెద్దమ్మనే అడిగాను. ఆవిడకి తన పెళ్ళి పట్టుచీర కట్టుకోవాలనుందట. పసుపు రంగుది. ఎవరూ అడగలేదు కాబట్టి ఆవిడా చెప్పలేదు.

నేను అమ్మ గద్వాల చీరే కడుతున్నా. ఒళ్ళంతా నూలు, అంచూ కొంగూ పట్టు. ఏసీ సరిగా పనిచెయ్యని ఫంక్షన్ హాల్లో దాని విలువ తెలుస్తుంది.

థీమ్ లేనిదే కుదరదంటారా? "చేనేత, ఏ రంగైనా, పాతదైనా సరే" అని పెట్టి చూడండి. పిన్ని దగ్గర నారాయణపేట చీర ఒకటుంది, ఆకుపచ్చది. నడుం నొప్పి కూడా తగ్గొచ్చు.