ఎంత సంపాదిస్తే చాలు?

కరీంనగర్, నిజామాబాద్ పల్లెల్లో ఒకప్పుడు బతుకుదెరువుకి మూడే దారులనేవారు: బొగ్గుబాయి, బొంబాయి, దుబాయి. కడప, గోదావరి జిల్లాల నుంచి కువైట్, మస్కట్ విమానమెక్కిన వాళ్ళూ మనవాళ్ళే. అప్పు తీర్చాలి, చెల్లెలి పెళ్ళి చేయాలి, ఇల్లు కట్టాలి. బయల్దేరినప్పుడు అందరి లెక్కా ఇదే. 'రెండేళ్ళు కళ్ళు మూసుకుంటే చాలు' అనుకుని వచ్చాం.

ఆ రెండేళ్ళు చూస్తుండగానే పన్నెండేళ్ళయ్యాయి. వీసా అప్పు తీరాక ఇల్లు మొదలుపెట్టాం. స్లాబు పడ్డాక పైఅంతస్తు అన్నాం, ఆ తర్వాత ప్లాటు అన్నాం. 'ఇక చాలు' అన్న మాట మాత్రం మన నోట రాలేదు.

ఒక్క లెక్క మనం ఎప్పుడూ వేయలేదు. రెండేళ్ళకోసారి రెండు నెలల సెలవు. అంటే పన్నెండేళ్ళ కాపురంలో ఆలుమగలు ఒకచోట ఉన్నది ఒక్క ఏడాది! అందులోనూ చుట్టాల పెళ్ళిళ్ళు, బ్యాంకు పనులు పోగా మిగిలిందెంత?

ఇదివరకు కార్డు కొనుక్కుని పది నిమిషాలు మాట్లాడేవాళ్ళం. ఇప్పుడు రోజూ వీడియో కాల్. మాటలు మాత్రం అవే: డబ్బు అందిందా, వడ్డీ కట్టారా, మేస్త్రీ వచ్చాడా? 'నీ ఒంట్లో ఎలా ఉంది' అన్నది ఫోన్ పెట్టేసే ముందు గుర్తొస్తుంది.

ప్రేమతో కడుపు నిండుతుందా అంటారేమో. నిండదు. నూటికి మూడు రూపాయల వడ్డీ నెత్తిన ఉన్నవాణ్ణి ఇంటికి పొమ్మని ఎవరూ అనరు. కానీ అప్పు తీరాక కూడా ఎందుకున్నాం? ఎవరి కోసం సంపాదిస్తున్నామో ఆ మనిషినే అడగలేదు. పెద్ద ఇల్లు కావాలా, ఇంట్లో మనిషి కావాలా అంటే ఆమె ఏమంటుందో మనకు తెలుసు. అందుకే అడగం.

యూఏఈలో గానీ కువైట్‌లో గానీ కంపెనీల్లో పనిచేసేవారికి ఏడాది సర్వీసుకి 30 రోజుల జీతంతో కూడిన సెలవు చట్టమే ఇచ్చింది. కంపెనీ టిక్కెట్టు రెండేళ్ళకే వస్తుందని ఆగిపోతున్నాం. ఈ ఏడాది ఆ టిక్కెట్టు మనమే కొనుక్కుందాం. వెళ్ళాక ఇద్దరం కూర్చుని ఒక కాగితం మీద రెండే రెండు రాసుకుందాం: ఎంతైతే చాలు, ఏ సంవత్సరానికి తిరిగి రావాలి. పైఅంతస్తు ఇంకో రెండేళ్ళు ఆగినా ఫర్వాలేదు. పిల్లలు మాత్రం మనకోసం ఎదగడం ఆపరు.