ఆ ఘనత మత్తుకు కట్టబెట్టకండి

జాజ్ శాక్సఫోన్ విద్వాంసుడు చార్లీ పార్కర్ గురించి ఎవరితో మాట్లాడినా రెండో మాటకే హెరాయిన్ ప్రస్తావన వచ్చేస్తుంది. ఆ మత్తే లేకపోతే ఆ సంగీతం పుట్టేదా అంటారు, అదేదో ఎప్పుడో తేలిపోయిన విషయమైనట్టు. మన దగ్గరా ఈ ధోరణి కొత్తేమీ కాదు. గ్లాసు పట్టనివాడు కవే కాడన్నట్టు మాట్లాడేవాళ్లను చూస్తూనే ఉన్నాం. ఈ నమ్మకం తప్పు. ప్రాణాలు తీసిన తప్పు.

పార్కర్‌కు విద్య ఎలా అబ్బిందో చూడండి. కాన్సస్ సిటీ కుర్రాడు. 1936లో ఒక జామ్ సెషన్‌లో వాయిస్తూ దారి తప్పితే, డ్రమ్మర్ జో జోన్స్ సింబల్ ఊడదీసి అతని కాళ్ల దగ్గరికి విసిరాడు. అందరిలో తల కొట్టేసినట్టయింది. మరుసటి వేసవి ఓజార్క్ కొండల్లో ఒక బ్యాండుతో ఉంటూ, శాక్సఫోనిస్టు లెస్టర్ యంగ్ రికార్డులు పెట్టుకుని సోలోలు కంఠతా పట్టాడు. మూడు నాలుగేళ్లపాటు రోజుకు 11 నుంచి 15 గంటలు సాధన చేశానని, ఆ మోత భరించలేక ఇల్లు ఖాళీ చేయించేస్తామని ఇరుగుపొరుగు అమ్మను బెదిరించారని 1954లో రేడియోలో మరో శాక్సఫోనిస్టు పాల్ డెస్మండ్‌కు తనే చెప్పాడు. 1945 నాటి అతని రికార్డు ‘కోకో’ నిమిషానికి దాదాపు 300 బీట్ల వేగంతో పరిగెడుతుంది. ఆ వేగంలో ఒక్క స్వరమూ చెదరలేదంటే అది ఆ గంటల ఫలం. మూడో కాలంలో వేళ్లు తడబడకుండా నిలబెట్టడానికి ఎంత చాకిరీ కావాలో వాద్యం పట్టినవాళ్లెవరినడిగినా చెబుతారు.

‘కోకో నాటికీ అతను వ్యసనపరుడే కదా’ అంటారు. నిజమే. షుగరు జబ్బుతో కచేరీ చేసిన విద్వాంసుడి పాటను ఆ జబ్బు ఖాతాలో రాస్తామా?

1946 జులై 29న లాస్ ఏంజెలెస్‌లో డయల్ రికార్డు కంపెనీ కోసం చేసిన ‘లవర్ మ్యాన్’ వినండి. హెరాయిన్ దొరక్క మద్యంతో నెట్టుకొస్తున్న రోజులవి. పియానో ఎత్తుగడ అయిపోతుంది, శాక్సఫోన్ అందుకోదు. పియానో ఇంకాస్త సాగదీస్తుంది. చివరికి పార్కర్ వస్తాడు. పలుకు మొదలవుతుంది, మధ్యలో తెగుతుంది, మళ్లీ ఎక్కడినుంచో అందుకుంటుంది. ఆ రాత్రే హోటల్లో అతని గది అంటుకుంది. అరెస్టు చేసి, తర్వాత కామరిల్లో మానసిక ఆసుపత్రిలో పెట్టారు. ఆ రికార్డు బయటికొచ్చిందని తెలిసి పార్కర్ మండిపడ్డాడు. దాన్నే ఆర్ద్రతకు పరాకాష్ఠ అని మెచ్చుకునేవాళ్లున్నారు. ఒక మనిషి కూలిపోతున్న చప్పుడు నాకది. విన్న ప్రతిసారీ ఆపేయాలనిపిస్తుంది.

మత్తు దొరక్కపోవడం వల్లే అలా అయిందంటారేమో. మరి ఆ తర్వాత ఏం జరిగింది? హెరాయిన్ ముట్టకుండా ఆసుపత్రిలో ఆరు నెలలు గడిపి, ఒళ్లు చేసి బయటికొచ్చాడు. 1947 ఫిబ్రవరిలో ‘కూల్ బ్లూస్’, ‘రిలాక్సిన్ ఎట్ కామరిల్లో’ రికార్డు చేశాడు. ఈ రెండోదాని పల్లవి పన్నెండు బార్ల బ్లూసే, కానీ మెలికలు తిరుగుతూ ఎక్కడ మొదలైందో ఎక్కడ ముగిసిందో తెలియనివ్వదు. పార్కర్ మాత్రం హాయిగా, ఊపిరి నిండుగా తీసుకుంటూ వాయించాడు. మత్తు లేకపోతే సంగీతం రాదనేవాళ్లు ఈ రికార్డుకు ఏం జవాబు చెబుతారు? ఆ ఏడే న్యూయార్క్ చేరి మైల్స్ డేవిస్, మాక్స్ రోచ్ వంటి కుర్రాళ్లతో తన పేరుమీద క్వింటెట్ కట్టాడు.

హెరాయిన్ మళ్లీ పట్టుకుంది. 1955 మార్చి 12న చనిపోయేనాటికి వయసు 34. చూసిన డాక్టరు 50 దాటి ఉంటాయనుకున్నాడు.

పార్కర్‌లా వాయించాలంటే పార్కర్‌లా బతకాలని నమ్మి ఎందరో కుర్రాళ్లు సూది పట్టారు. అతని బ్యాండులోనే ట్రంపెట్ వాయించిన రెడ్ రోడ్నీ జైలుదాకా వెళ్లాడు. పార్కర్ మాత్రం ఎవరికీ ఆ దారి చూపించలేదు. 1953 జనవరిలో ఒక రికార్డింగులో, హెరాయిన్ మానేశావా అని కుర్ర శాక్సఫోనిస్టు సన్నీ రోలిన్స్‌ను అడిగాడు. మానేశానని రోలిన్స్ అబద్ధం చెప్పాడు. అసలు సంగతి తెలిసి పార్కర్ ఎంత నొచ్చుకున్నాడో చూశాక రోలిన్స్‌కు పట్టుదల వచ్చింది. లెక్సింగ్టన్ ఆసుపత్రిలో చేరి నిజంగానే మానేశాడు. తిరిగొచ్చి ఆ మాట పార్కర్‌కు చెప్పాలనుకున్నాడు. అతను ఆసుపత్రిలో ఉండగానే పార్కర్ పోయాడు.