వెన్నెల వెనుక చెయ్యి

మొన్న పుంగనూరు గోష్ఠిలో ఒక మిత్రుడు 'మాయాబజార్' ఫ్యూడల్ చిత్రమని ఒక్క వాక్యంలో తేల్చివేశాడు. రాజులు, మాయలు, మేనరికపు పెండ్లి. ఇంతకన్న అందులో ఏమున్నదన్నాడు. నేను ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్‌లీ పేరెత్తాను. "ఫోటోగ్రఫీ బాగుంటుంది లెండి, అది వేరే సంగతి" అన్నాడు. సభ నవ్వింది.

వేరే సంగతి కాదనే నా వాదన. వస్తువును మనం తీసుకొని రూపాన్ని కళావాదులకు వదిలివేశాం. విలువకు శ్రమే మూలమని పాఠాలు చెప్పే మనమే తెరమీది వెలుతురులోని శ్రమను అలంకారం కింద జమకట్టుతున్నాం!

1917లో పుట్టి 1993లో మరణించిన ఈ ఆంగ్లో ఇండియన్ 'పాతాళభైరవి' (1951), 'మిస్సమ్మ' (1955), 'మాయాబజార్' (1957) చిత్రాలకు కెమెరా పట్టాడు. ఆనాటి ఫిల్ముకు నిజమైన వెన్నెల చాలదు. కనుక శశిరేఖాభిమన్యుల పడవమీద పడిన వెన్నెల దీపాలతో, లెక్కతో, కూలి చేతులతో కట్టినది. రంగు లేదు, తెలుపు నలుపుల మధ్య ఉన్న మెట్లే అతని సరంజామా. 2010లో ఆ చిత్రానికి రంగులద్ది విడుదల చేసినప్పుడు ఆ మెట్లేమయ్యాయని అడగవలసినవాళ్లం మనమే. ఆ చెయ్యే 1965లో 'చెమ్మీన్' కోసం కేరళ జాలరుల సముద్రాన్ని రంగుల్లో పట్టింది. దాన్నీ ఫ్యూడల్ అందామా?

ఇదే మిత్రులు 'రషోమాన్' (1950) అనగానే లేచి నిలబడతారు. కియోటోలో సిరాచిత్రకళ నేర్చిన కజువో మియగావా ఆకుల సందుల నుంచి సూర్యుడికే కెమెరా గురిపెట్టాడు, అద్దాలతో ఎండను అడవిలోకి మళ్లించాడు. వాన తెరమీద కనబడదని నీళ్లలో నల్ల సిరా కలిపారు. నిజం ఎవరిదన్న ఆ చిత్రపు ప్రశ్న ముఖాలమీద కదిలే ఆ ఆకునీడల్లోనే ఉన్నది. అక్కడ ఒప్పుకున్నదాన్ని మద్రాసు స్టూడియోలో ఎందుకు ఒప్పుకోరు?

ఆ వెన్నెల రాచకుటుంబాన్ని ముద్దుగా చూపుతుందన్నది నిజమే. నేనూ కాదనను. కాని ఆ మత్తు ఎలా కలిపారో తెలియనివాడు దాన్ని ఎలా విరుస్తాడు? 'ఫ్యూడల్' అని ముద్ర గుద్దితే విమర్శ అయిపోతుందా? అది గుమాస్తా పని.

మదనపల్లెలో నా తరగతికి కుప్పం నుంచి ఒక కుర్రవాడు వస్తాడు. తండ్రి గ్రానైటు క్వారీలో పని చేస్తాడు. పడవపాట చూస్తూ లేచాడు: "చంద్రుడు ఒకడే గదా సార్, మొగాలమీద ఇంత వెలుతురు యాడనుంచి పడతా ఉంది?"

దృశ్యాన్ని వెనక్కి తిప్పి నాలుగుసార్లు చూశాం. గంట కొట్టినా ఎవరూ కదలలేదు. వచ్చే నెల పుంగనూరు గోష్ఠికి ఆ కుర్రవాణ్ణీ, ఆ పాటనూ వెంటబెట్టుకుపోతున్నాను. శబ్దం ఆపివేసి చూపిస్తాను.