‘మొదటివాడు’ అన్న పొగడ్త చాలదు

డొనాల్డ్ జోన్స్ పేరు మనలో చాలామంది విని ఉండరు. 1932లో న్యూయార్క్‌లో పుట్టిన ఈ నల్లజాతి కళాకారుడు 1950లలో నృత్యకారుడిగా నెదర్లాండ్స్ చేరి, అక్కడే స్థిరపడ్డారు. ఆ దేశంలో టెలివిజన్ ప్రసారాలు 1951లోనే మొదలయ్యాయి. 1957 నుంచి 1959 వరకు వచ్చిన ‘పాన్షోన్ హొమ్మెలెస్’ అనే హాస్య సీరియల్‌లో ఆయన డింకీ పాత్ర వేశారు. కథ జరిగేది ఒక బోర్డింగ్ ఇంట్లో. రచయిత్రి ఆనీ ఎం.జి. ష్మిట్ ఆయనకోసం ఒక ప్రేమపాట రాశారు. ఆ పాటతో ఆయన పేరు ఇంటింటికీ తెలిసింది. 2004లో ఆమ్‌స్టర్‌డామ్‌లో కన్నుమూశారు.

డచ్ టీవీలో తొలి నల్లజాతి తారల్లో ఒకరని ఆయనను పొగుడుతారు. పొగడవలసిందే. అయితే ‘తొలి’ అన్న మాట ఆయన రంగును మాత్రమే చెబుతుంది. ఆయనను జనానికి దగ్గర చేసింది ఆ పాత్ర, ఆ పాట.

మన ఇళ్ళలో తొలి డిగ్రీ మనదే. సభల్లో ఆ మాటకే చప్పట్లు కొడతారు. ఏం చదివారు, ఏం చేయగలరు అని అడిగేవారు తక్కువ. ఆ చప్పట్లతో సరిపెట్టుకుంటే నష్టపోయేది మనమే. కుర్చీతోపాటు పనినీ అడుగుదాం. మన వెనుక వచ్చే తమ్ముళ్ళు, చెల్లెళ్ళు తాము చేసిన పనితోనే గుర్తుండాలని మా అభిప్రాయం.