చార్మినారు కథలు తెలుగు కథలు గావా?

ఐర్లండు దేశపు కథకుడు జేమ్స్ జాయిస్ (1882–1941) పేరు మన విద్యావంతుల యిండ్లలో వినబడుచునే యున్నది. ఆయన తన డబ్లిను నగరమునందలి సామాన్యుల బ్రతుకులను పదునైదు కథలుగా వ్రాసెను. వానిలో నిజమైన పానశాలల పేర్లున్నవనియు, మోటుమాటలున్నవనియు ప్రచురణకర్తలు జంకిరి. 1905లో పంపిన కథలు 1914 వఱకు గ్రంథరూపమున వెలువడలేదు. నడుమ 1912లో అచ్చైన కాగితములను ముద్రాపకుడే నాశనము చేసెను. ఈ వృత్తాంతము విని మనవారు ఆ సంకుచితులను నిందింతురు. నిందింపవలసినదే. కాని మన యింటి మాట యేమి?

హైదరాబాదు పాతబస్తీకిని అట్టి కథకులొకరు గలరు. ఆయన నెల్లూరి కేశవస్వామిగారు (1920–1984). వృత్తిచే ఇంజనీరు. ఆయన కథాసంపుటములలో ‘పసిడి బొమ్మ’ 1969లోను, ‘చార్మినార్’ 1981లోను వెలువడినవి. దేవిడీలలోని నవాబులును, పరదాల మాటునున్న స్త్రీలును ఆయన కథలలో మనుష్యులై మాటలాడుదురు. ఇట్టి రచనను మన మెవ్వరమును తగులబెట్టలేదు, చదువక యూరకున్నాము. ఫలము రెంటికిని ఒక్కటియే.

మొదటి యాక్షేపణ భాషను గూర్చినది. ఉర్దూమాటలు మిక్కుటముగా గల రచన శుద్ధమైన తెలుగు గాదందురు. అయ్యా, మీరు జేబులో చేయి పెట్టి ఖర్చు చేసి రసీదు పుచ్చుకొనునప్పుడు ఈ శుద్ధి యెక్కడ దాగినది? కచేరి, వకీలు, దస్తావేజు అను మాటలు లేక మన వ్యవహార మొక్క దినమైనను సాగునా? కేశవస్వామిగారి కథ యొకదాని పేరు ‘రూహీ ఆపా’. ఆపా యనగా అక్క. ఆ మాట తీసివేసి తెలుగుమాట పెట్టినచో అర్థము మిగులును గాని, ప్రక్కయింటి స్త్రీని ఆమె యింటి పలుకుతోనే పిలుచు చనువు మిగులదు.

రెండవ యాక్షేపణ యింతకంటె లోతైనది. ముస్లిముల గృహజీవితము ఉర్దూరచయితల సొత్తు, మనకెందుకని యడుగుదురు. మనకే కావలెను. చార్మినారు కట్టిన 1591 మొదలు ఆ నీడలో కలసి బ్రతికినవారము, ప్రక్కయింటి కష్ట మెఱుగమనుట గొప్పతనమా? 1948 సెప్టెంబరు నాటి సైనికచర్యను గూర్చి చరిత్రగ్రంథములు తేదీలు చెప్పును, సేనలను చెప్పును. ఆ కాలమున నగరమందలి మనుష్యు లేమైరో ‘యుగాంతము’ చెప్పును. వితంతువుల దుఃఖమునకు కరగి, స్త్రీవిద్యకై పోరాడిన మన సంస్కారము పరదా గుమ్మమువద్ద ఆగిపోవలెనా? ఆగినచో అది సంస్కారము గాదు, కులాభిమానమే.

తెలంగాణమున కవులే లేరని యొకరు వ్రాయగా, సురవరం ప్రతాపరెడ్డిగారు 1934లో ‘గోలకొండ కవుల సంచిక’ ప్రకటించి, 354 గురు కవులను ఎదుట నిలిపిరి. కవులకు జరిగిన యన్యాయమునే నేడు కథకులకు మనము చేయుచున్నాము. తెలుగుకథ యనగానే కోస్తా జిల్లాల పేరులు వల్లించి, మూసీ దాటి చూడనివారు విమర్శకులని యెట్లు చెప్పుకొందురు?

పొగడ్త లక్కఱలేదు, సభ లక్కఱలేదు. ప్రతి గ్రంథాలయమును కేశవస్వామిగారి కథలను తెప్పింపవలెను. ప్రతి గృహస్థుడును ఒక్క కథనైన పిల్లలు వినునట్లు చదువవలెను. డబ్లిను వీథులను తెలిసికొనుట విద్యయే. మూసీ దక్షిణపుగట్టున నున్న మన తోడివారిని తెలిసికొనకుండుట మాత్రము అవిద్య.