టోపీ దగ్గరే ఆగిపోయిన పార్వతీశం

మొగల్తూరు కుర్రాడు పార్వతీశం మద్రాసులో ఆడవాళ్ల టోపీ కొనుక్కుని దర్జాగా నెత్తిన పెట్టుకుంటాడు. గోదావరి జిల్లాల్లో నవల చదవనివాళ్లకూ ఆ సంగతి తెలుసు. తెలిసింది అంతవరకే కావడమే చిక్కు!

మొక్కపాటి నరసింహశాస్త్రి ‘బారిష్టరు పార్వతీశం’ మొదటి భాగం 1924లో వచ్చింది. 1940లో వెండితెరకెక్కింది. ఆర్‌.ప్రకాశ్‌ దర్శకుడు, లంకా సత్యం పార్వతీశం. జి.వరలక్ష్మి తెరకు పరిచయమైందీ అందులోనే. పురాణాల జోరు ఇంకా తగ్గని రోజుల్లో ఓ పల్లెటూరి అబ్బాయి కథ తీయడం ప్రయోగమే.

ఇప్పుడు సెల్‌ఫోన్‌తోనే షార్ట్‌ఫిల్మ్‌ తీసేస్తున్నారు. అయినా పార్వతీశం అంత తేలిగ్గా లొంగడు. ఎందుకంటే కథ చెప్పేది అతనే. చేసిన తెలివితక్కువ పనిని ఎంతో గంభీరంగా, తనదే రైటన్నట్టు చెబుతాడు. నవ్వంతా అక్కడే ఉంది. కెమెరా బయట నిలబడి చూస్తే కనిపించేది ఉత్త వెర్రిబాగులవాడు. అదే, తెరమీద చుట్టూ ఉన్నవాళ్లు నవ్వాపుకోలేక అవస్థపడుతుంటే వెనక నుంచి అతని గొంతు టోపీ అందాన్ని వర్ణిస్తూ పోతే? పైసా ఖర్చు లేని ప్రయోగం!

నవల మొత్తాన్ని పది నిమిషాల్లో కుక్కాలనుకోవడం మాత్రం అత్యాశ. ఆర్‌.కె.నారాయణ్‌ ‘స్వామి అండ్‌ ఫ్రెండ్స్‌’ను 1980ల్లో శంకర్‌నాగ్‌ ‘మాల్గుడి డేస్‌’లో చిన్న చిన్న భాగాలుగానే దూరదర్శన్‌కు తీశారు. ఇక్కడా అంతే... కొలంబో ఓ ఫిల్ము, మార్సేల్స్‌ ఓ ఫిల్ము.

ఆ వరసలో తర్వాతి పార్వతీశం కూడా రావాలి. నవ్వులపాలైన ఆ కుర్రాడే ఎడింబరోలో చదువుకుంటాడు, బారిష్టరై తిరిగొస్తాడు, స్వాతంత్ర్యోద్యమంలోకి దిగుతాడు. అవి చాలా ఏళ్ల తర్వాత వచ్చిన రెండు, మూడు భాగాల్లోని కథ. టోపీ మోజులో అటు చూసేవాళ్లే తక్కువ. గుండుగొలనులో పుట్టి, తానూ ఎడింబరోలో వ్యవసాయశాస్త్రం చదివొచ్చిన రచయిత అతన్ని నవ్వించి వదిలేయలేదు మరి.

ఉత్సాహపడేవారు ఒక సంగతి చూసుకోవాలి. మొక్కపాటి 1973లో కన్నుమూశారు. మన చట్టం ప్రకారం రచయిత పోయాక 60 ఏళ్లపాటు కాపీరైట్‌ ఉంటుంది. అంటే 2033 చివరిదాకా కెమెరా తీసే ముందు హక్కుదారుల గడప తొక్కాల్సిందే.